కమలాపూర్ మైదానం: ఢాకాలో పది రోజులు

2024 జనవరి 31, బుధవారం

నిజామాబాద్ జిల్లాలోని ఒక ప్రభుత్వ ఉన్నత పాఠశాలలో నేను ఇరవై రెండేళ్లుగా వ్యాయామ ఉపాధ్యాయురాలిని. ఆడపిల్లల చేత ఫుట్‌బాల్ ఆడిస్తానన్నప్పుడల్లా "కబడ్డీ సరిపోదా మేడమ్?" అని అడిగిన తల్లిదండ్రులే ఎక్కువ. మా జిల్లా నుంచే గుగులోత్ సౌమ్య భారత జట్టులోకి వెళ్లిన తర్వాత ఆ ప్రశ్న కొంత తగ్గింది. అయినా మన దగ్గర పందొమ్మిదేళ్లలోపు అమ్మాయిల అంతర్జాతీయ పోటీ చూడాలంటే టీవీలో కూడా వెతుక్కోవలసిందే. ఈసారి దక్షిణాసియా ఫుట్‌బాల్ సమాఖ్య వారి అండర్-19 మహిళల పోటీ ఢాకాలో జరుగుతున్నదని తెలియగానే, కలకత్తాలో ఉద్యోగం చేస్తున్న మా చెల్లెల్ని తోడు తీసుకుని బయలుదేరాను. దానికి బెంగాలీ వచ్చు. నాకు ఫుట్‌బాల్ వచ్చు. ఆ మాత్రం చాలనుకున్నాం.

తెల్లవారుజామున కలకత్తాలో బస్సెక్కితే, జెస్సోర్ రోడ్డు మీద ఇరువైపులా కమ్ముకున్న ముసలి నిద్రగన్నేరు చెట్ల కింద నుంచి పెట్రాపోల్ సరిహద్దు దాకా ప్రయాణం సాగింది. 1971లో లక్షలాది శరణార్థులు ఇటువైపు నడిచి వచ్చిన దారి అది. సంచులు మోసుకుంటూ బేనాపోల్ వైపు దాటి, డబ్బు మార్చుకుని, మళ్లీ బస్సెక్కి జెస్సోర్, నడాయిల్ మీదుగా వెళ్లాం. మధుమతి నది మీది కొత్త వంతెన దాటాక దారి ఒక్కసారిగా విశాలమైంది. పొద్దుగూకే వేళకు పద్మా వంతెన చేరాం. 2022 జూన్‌లో ప్రారంభించిన ఆ వంతెన పొడవు 6.15 కిలోమీటర్లు. గోదావరి ఒడ్డున పెరిగినదాన్ని గనుక నదుల విషయంలో నాకు కొంచెం గర్వముంది. పద్మ ఆవలి గట్టు కనబడకపోయేసరికి ఆ గర్వం తగ్గిందని ఒప్పుకోవాలి.

ఫిబ్రవరి 1, గురువారం

మోతీఝీల్‌లో బస. బ్యాంకులు, కార్యాలయాలు, కూడలి నడుమ కలువపువ్వు శిల్పం, వీటన్నింటి చుట్టూ రిక్షాలు. ఇక్కడి నుంచి కమలాపూర్ రైల్వే స్టేషన్‌కు నడిచి వెళ్లవచ్చు. స్టేషన్ దాటితే మైదానం వస్తుంది. దాని పూర్తి పేరు బీర్ శ్రేష్ఠ షహీద్ సిపాయి మొహమ్మద్ మొస్తఫా కమాల్ స్టేడియం. బంగ్లాదేశ్ విముక్తి యుద్ధంలో అత్యున్నత శౌర్య పురస్కారమైన బీర్ శ్రేష్ఠను మరణానంతరం పొందిన ఏడుగురిలో ఒకరైన సిపాయి పేరది. ఊళ్లో మాత్రం అందరూ దాన్ని కమలాపూర్ మైదానం అనే అంటారు, నేనూ అలాగే రాస్తాను.

సాయంత్రం గేటు బయట నిలబడి లోపలికి తొంగి చూశాను. పచ్చిక సహజమైనది కాదు, పరిచినది. కృత్రిమ పచ్చికపై బంతి తొందరగా జారుతుంది, ఎత్తుగా లేస్తుంది. పొడవాటి పాస్‌లు ఇచ్చే జట్టుకు అది చిక్కు, కాళ్ల దగ్గర బంతిని ఆపగలిగే జట్టుకు లాభం. బంగ్లాదేశ్ అమ్మాయిలకు ఈ మైదానం పెరటి లాంటిది. 2021 డిసెంబరులో ఇదే చోట అండర్-19 ఫైనల్‌లో ఆనాయి మోగిని కొట్టిన ఒకే ఒక్క గోల్‌తో భారత్‌ను ఓడించారు. నిరుడు ఫిబ్రవరిలో అండర్-20 ఫైనల్‌లో నేపాల్‌పై 3-0తో గెలిచిందీ ఇక్కడే.

ఫిబ్రవరి 2, శుక్రవారం

పోటీలో నాలుగు జట్లున్నాయి: బంగ్లాదేశ్, భారత్, నేపాల్, భూటాన్. ప్రతి జట్టూ మిగతా మూడింటితో ఒక్కోసారి ఆడాలి, పైన నిలిచిన రెండూ ఫైనల్‌కు వెళతాయి. అంటే ఒక్క మ్యాచ్ జారిందంటే తేరుకునే వ్యవధి దాదాపు ఉండదు.

ఈ రోజు భారత్ భూటాన్‌ను 10-0తో ఓడించింది. పది గోల్స్ చూడటం సంబరంగా ఉంటుందని చాలామంది అనుకుంటారు గానీ, పిల్లలకు ఆట నేర్పేవారికి అలాంటి మ్యాచ్ చూడటం కష్టమే. ఐదో గోల్ దాటాక నా చూపు ఓడుతున్న జట్టు మీదే నిలిచిపోయింది. తక్కువ జనాభా ఉన్న కొండల దేశం, ఆడే అమ్మాయిలు కొద్దిమంది, పైగా వయసు పరిమితి వల్ల వారిలోంచి ఇంకా కొద్దిమంది. అయినా గోల్ పడిన ప్రతిసారీ బంతిని మధ్య గీత దగ్గరకు చేర్చి మళ్లీ మొదలుపెట్టడంలో వారు ఆలస్యం చేయలేదు. మా బడి పిల్లలకు చూపించాలనిపించిన దృశ్యం అది, గోల్స్ కాదు.

బంగ్లాదేశ్, నేపాల్ మ్యాచ్ అసలైన పోటీగా సాగింది. బంగ్లాదేశ్ 3-1తో గెలిచింది, అందులో రెండు గోల్స్ మొసమ్మత్ సాగరికవి. ఠాకూర్‌గావ్ జిల్లా రాణీశంకైల్ నుంచి వచ్చిన ముందువరుస క్రీడాకారిణి ఆమె. దేశపు వాయవ్య మూలన ఉన్న ఆ ప్రాంతం ఢాకాకు ఎంత దూరమో నా పక్కన కూర్చున్న ఒక గృహిణి చెల్లెలికి వివరంగా చెప్పింది, ఆ దూరం కూడా సాగరిక గెలిచిన పోటీయే అన్నట్లు. ముగ్ధా పేట నుంచి ఇద్దరు కూతుళ్లతో వచ్చిన ఆ తల్లి మమ్మల్ని మొదట "ఆపా" (అక్కా) అని పిలిచింది, ఏ దేశమో తెలిశాక "దీదీ" అన్నది.

ఫిబ్రవరి 3, శనివారం

మ్యాచ్‌లు లేవు. పొద్దున కమలాపూర్ స్టేషన్‌ను తీరిగ్గా చూశాం. 1968లో పూర్తయిన ఆ కట్టడానికి గొడుగులు పక్కపక్కన విప్పినట్టుగా కాంక్రీటు కప్పు ఉంది, దాని కింద గాలి ఆడుతుంది, జనమూ ఆడుతుంది. బయట కట్టెల పొయ్యి మీద ఒక అవ్వ భాపా పిఠా అమ్ముతున్నది. బియ్యప్పిండిలో బెల్లం, కొబ్బరి పెట్టి ఆవిరి మీద ఉడికించే ఆ పదార్థం నోట్లో పెట్టుకోగానే మా చెల్లెలు "ఇది మన కుడుమే కదా అక్కా!" అన్నది. ఔను, కుడుమే. చలికాలంలో మాత్రమే దొరుకుతుందట.

మధ్యాహ్నం మోతీఝీల్ నుంచి మెట్రో ఎక్కి ఢాకా విశ్వవిద్యాలయం స్టేషన్‌లో దిగాం. ఈ మార్గం మోతీఝీల్ దాకా వచ్చింది గత నవంబరులోనే. ఫిబ్రవరి నెలంతా జరిగే పుస్తక ప్రదర్శన బంగ్లా అకాడమీ ఆవరణలో, ఎదురుగా ఉన్న సుహ్రావర్దీ ఉద్యానంలో పరుచుకుని ఉన్నది. 1952 ఫిబ్రవరి 21న మాతృభాష కోసం ప్రాణాలిచ్చిన వారి స్మరణలో జరిగే ఈ వేడుకలో నాకు కావలసింది ఆటల పుస్తకం. చెల్లెలు వెతికి వెతికి క్రికెట్ పుస్తకాలు చూపించింది. ఇక్కడా అదే కథ!

ఫిబ్రవరి 4, ఆదివారం

భారత్, బంగ్లాదేశ్ మ్యాచ్. టోంగీలో జరుగుతున్న ముస్లింల మహా ప్రార్థనా సమ్మేళనం విశ్వ ఇజ్తిమా మొదటి విడత ఈ రోజుతో ముగియడంతో ఊరి ఉత్తర భాగమంతా జనసంద్రమైందని టీవీలో చూపించారు. మోతీఝీల్ వైపు రిక్షా ప్రయాణం మామూలు కన్నా కొంచెమే కష్టంగా ఉన్నది.

తొలి రోజు పది గోల్స్ కొట్టిన జట్టు ఈ రోజు ఒక్కటి కూడా కొట్టలేకపోయింది. శుక్లా దత్తా శిక్షణలోని భారత జట్టు ఒంటి సత్తువలో తక్కువేమీ కాదు. కానీ బంగ్లాదేశ్ అమ్మాయిలు ఒకరి కదలిక ఒకరికి ముందే తెలిసినట్టు ఆడతారు. అందుకు కారణం చిన్నది కాదు. ఇక్కడి ఫుట్‌బాల్ సమాఖ్య ఎంపిక చేసిన బాలికలను మోతీఝీల్‌లోని తన భవనంలోనే ఉంచి, శిబిరంలో కలిసి తినిపించి, కలిసి సాధన చేయించి పెంచింది. ప్రాథమిక పాఠశాలల మధ్య జరిగే బాలికల పోటీల నుంచి, మైమన్‌సింగ్ జిల్లాలోని కల్‌సిందూర్ లాంటి మారుమూల గ్రామాల నుంచి, రాంగామాటి కొండల నుంచి ఏరి తెచ్చిన పిల్లలు వారు. 2022 సెప్టెంబరులో కాఠ్మండూలో నేపాల్‌ను 3-1తో ఓడించి దక్షిణాసియా సీనియర్ కప్పు తెచ్చినప్పుడు పైకప్పు లేని బస్సులో వారిని ఊరేగించిన వీధులు ఇవే. ఏడాదంతా ఒక చోట ఉండి ఆడే జట్టుకు, పోటీకి కొద్ది వారాల ముందు శిబిరంలో చేరే జట్టుకు తేడా ఆఖరి పది నిమిషాల్లో బయటపడుతుందని మా శిక్షణ తరగతుల్లో చెప్పేవారు.

అదే జరిగింది. నిర్ణీత సమయం దాటాక, అందరూ సున్నా సున్నా అని లేచి చీరలు, చున్నీలు సర్దుకుంటున్నప్పుడు, సాగరిక గోల్ కొట్టింది. 1-0. ముగ్ధా పేట తల్లి నన్ను కౌగిలించుకుని, వెంటనే నేను ఎవరినో గుర్తొచ్చి నాలుక కరుచుకున్నది. మరో మ్యాచ్‌లో నేపాల్ భూటాన్‌ను ఓడించింది.

ఫిబ్రవరి 5, సోమవారం

చెల్లెలికి జ్వరం. పాత ఢాకా చూడాలన్న ఆలోచన మానుకున్నాం. నేనొక్కదాన్నే బయటికి వెళ్లి దాని కోసం మందులు, బాకర్‌ఖానీ రొట్టెలు తెచ్చాను. రొట్టెలు గట్టివి, చాయ్‌లో ముంచితే కానీ లొంగలేదు.

ఫిబ్రవరి 6, మంగళవారం

లెక్క ప్రకారం భారత్‌కు డ్రా చాలు. నేపాల్‌కూ భారత్‌కూ మూడేసి పాయింట్లు ఉన్నా, పది గోల్స్ పుణ్యమా అని గోల్స్ తేడాలో మన జట్టు చాలా ముందున్నది. డ్రా చాలు అనుకునే జట్టు సాధారణంగా వెనక్కి తగ్గి ఆడుతుంది, అలా ఆడి చేజార్చుకుంటుంది కూడా. ఇవాళ ఆ పొరపాటు చేయలేదు. 4-0తో నేపాల్‌ను ఓడించి ఫైనల్ చేరింది. బంగ్లాదేశ్ కూడా భూటాన్‌పై నాలుగు గోల్స్ కొట్టి మూడు విజయాలతో పైన నిలిచింది.

నేపాల్ అమ్మాయిల గురించి ఒక మాట. వారు ఓడినా మైదానంలో ఖాళీ స్థలాన్ని చూసే చూపు నాకు నచ్చింది. బంతి లేనప్పుడు పరిగెత్తడం ఎవరూ చప్పట్లు కొట్టని పని. మా పిల్లల చేత ఆ పని చేయించలేకే నేను ఇరవై ఏళ్లుగా అరుస్తున్నాను.

ఫిబ్రవరి 7, బుధవారం

చెల్లెలికి తగ్గింది. రోజంతా వీధుల్లో తిరిగాం. ఫైనల్ గురించి చాయ్ అంగడి దగ్గర మాట్లాడినవారి కన్నా మాట్లాడనివారే ఎక్కువ. కానీ మాట్లాడినవారికి అన్ని పేర్లూ తెలుసు. కెప్టెన్ అఫైదా ఖందకార్ సాత్‌ఖీరా అమ్మాయి అనీ, సీనియర్ కెప్టెన్ సబీనా ఖాతూన్‌దీ అదే జిల్లా అనీ ఒక రిక్షా నడిపే పెద్దాయన చెప్పాడు. మన భారత కెప్టెన్ పేరు నీతూ లిండా అని మా పాఠశాలలో ఎంతమందికి తెలుసు? నాకే ఢాకా వచ్చాక తెలిసింది.

ఫిబ్రవరి 8, గురువారం

ఈ రోజు సంగతి వరుసగా రాయాలి, లేకపోతే నాకే గందరగోళంగా ఉంటుంది.

గ్యాలరీ నిండిపోయింది. ఎనిమిదో నిమిషంలోనే మణిపూర్ అమ్మాయి శిబానీ దేవి గోల్ కొట్టి భారత్‌కు ఆధిక్యం ఇచ్చింది. మేమిద్దరం లేచి నిలబడి, చుట్టూ చూసి, మర్యాదగా కూర్చున్నాం. ఆ తరువాత ఎనభై నిమిషాలకు పైగా మన రక్షణ వరుస గోడ కట్టినట్టు నిలిచింది. నాలుగో తారీఖు ఆట చూసినదాన్ని గనుక నేను గడియారం మీదే కన్నేసి ఉంచాను. భయపడినట్టే, అదనపు నిమిషాల్లో మళ్లీ సాగరిక! 1-1. అంతకు ముందు ఏమీ వినిపించనంత శబ్దం లేచింది, తరువాత నాకు చాలాసేపు ఏమీ వినిపించలేదు.

పెనాల్టీలు మొదలయ్యాయి. ఐదేసి అయ్యాయి, సమానం. ఆరు, ఏడు, ఎనిమిది. ఒక్కరూ గురి తప్పడం లేదు. చివరికి గోల్‌కీపర్లే వచ్చి ఒకరిపై ఒకరు పెనాల్టీ కొట్టారు, వారూ తప్పలేదు. 11-11. పందొమ్మిదేళ్లు నిండని ఇరవై రెండు మంది అమ్మాయిలు, అంత అరుపుల మధ్య, ఒక్క తన్ను కూడా వృథా చేయలేదు. నేను ఇంతవరకు చూసిన ఆటలన్నింటిలో ఇలాంటిది లేదు.

ఆ తరువాత ఏం చేయాలో నియమావళిలో స్పష్టంగా ఉన్నది. అర్హులైన వారందరూ ఒక్కోసారి కొట్టాక కూడా సమానంగా ఉంటే, మళ్లీ మొదటి నుంచి కొట్టడం కొనసాగించాలి. వరుస మార్చుకోవచ్చు, అంతే. రెఫరీ కూడా కొనసాగించబోతున్నట్టే కనిపించింది. ఇంతలో మైదానం అంచున ఏదో మాటామంతీ జరిగి, కెప్టెన్లను పిలిచి, నాణెం ఎగరేశారు. భారత అమ్మాయిలు గంతులు వేశారు. ఎవరు ముందు కొట్టాలో తేల్చడానికే టాస్ వేశారని నేను అనుకున్నాను, కాదు, కప్పు ఎవరిదో తేల్చడానికి! శ్రీలంక నుంచి వచ్చిన మ్యాచ్ కమిషనర్ నిర్ణయం అది.

బంగ్లాదేశ్ అమ్మాయిలు మైదానం వదలలేదు. వారి పక్షాన నియమం ఉన్నది. గ్యాలరీ నుంచి నీళ్ల సీసాలు మైదానంలోకి ఎగిరాయి. వాటి పక్షాన ఏ నియమమూ లేదు. ముగ్ధా పేట తల్లి మా ఇద్దరినీ తన కూతుళ్ల మధ్యకు లాగి కూర్చోబెట్టి, "ఇక్కడే ఉండండి దీదీ" అన్నది. కమిషనర్ తన నిర్ణయాన్ని వెనక్కి తీసుకుని పెనాల్టీలు కొనసాగించాలన్నారు. అప్పటికే గెలిచామనుకుని మైదానం వీడిన భారత జట్టు తిరిగి రాలేదు. గెలిచారని చెప్పిన పిల్లలను మళ్లీ వచ్చి గెలవమంటే రావడానికి ఎవరికి మనసొప్పుతుంది? గెలిచే అవకాశాన్ని నాణెం మింగేసిన పిల్లలను ఊరుకోమంటే ఎలా ఊరుకుంటారు? చాలాసేపు ఎదురుచూశాక, రాత్రి ఇరు జట్లనూ సంయుక్త విజేతలుగా ప్రకటించారు.

బసకు చేరాక చెల్లెలు "ఎందుకక్కా అంత మౌనంగా ఉన్నావు, మన వాళ్లకూ కప్పు వచ్చింది కదా" అని అడిగింది. ఎవరికీ చెప్పని సంగతి దానికి చెప్పాను. పన్నెండేళ్ల కిందట మా మండల స్థాయి బాలికల పోటీల్లో ఫైనల్ సమానంగా ముగిసింది. పెనాల్టీలు ఐదేసి అయినా తేలలేదు. చీకటి పడుతున్నది, పిల్లల ఊళ్లకు చివరి బస్సు కదలబోతున్నది. రెఫరీని నేనే. జేబులోంచి రూపాయి బిళ్ల తీసి ఎగరేశాను. ఓడిన జట్టులోని తొమ్మిదో తరగతి పిల్ల నా దగ్గరకు వచ్చి, "మేడమ్, నేనింకా కొట్టనే లేదు" అన్నది. బస్సుకు ఆలస్యమవుతుందని దాన్ని తొందరపెట్టి పంపించాను. మరుసటి ఏడు ఆ పిల్ల ఆటకు రాలేదు. పెళ్లి కుదిరిందన్నారు, అదే కారణమై ఉండవచ్చు.

ఫుట్‌బాల్‌లో నాణెంతో విజేతను తేల్చిన రోజులు లేకపోలేదు. 1968 యూరోపియన్ పోటీ సెమీఫైనల్‌లో ఇటలీ, సోవియట్ యూనియన్‌పై టాస్ గెలిచే ఫైనల్‌కు వెళ్లింది. ఆ అన్యాయం చాలనే 1970లో పెనాల్టీల పద్ధతిని నియమాల్లో చేర్చారు. ఈ విషయం నేను పిల్లలకు పాఠంగా చెబుతాను. చెబుతూనే ఉన్నాను, ఆ రోజుకు ముందూ, తరువాతా.

ఫిబ్రవరి 9, శుక్రవారం

ఉదయం బస్సు కౌంటర్ దగ్గర పత్రికలు కొన్నాం. మొదటి పేజీ మీద అమ్మాయిల ఫుట్‌బాల్! ఇన్ని రోజుల గెలుపులకు దక్కని చోటు ఒక్క గొడవకు దక్కిందని చెల్లెలు అన్నది. బొమ్మలో రెండు జట్లూ పతకాలతో ఉన్నాయి, నవ్వు మాత్రం అందరి ముఖాల్లోనూ లేదు.

బస్సు పద్మ మీదకు వచ్చేసరికి మంచు ఇంకా విడలేదు. ఈసారి ఇవతలి గట్టు కూడా కనబడలేదు. మధుమతి మీది కాల్నా వంతెన దాటాక నా పుస్తకంలో వచ్చే నెల మా పాఠశాలల పోటీలకు సమయ పట్టిక గీసుకున్నాను. ఫైనల్‌ను సాయంత్రం నాలుగు గంటల నుంచి ఉదయం తొమ్మిదికి మార్చాను.

బేనాపోల్‌లో ముద్ర వేసే అధికారి మా పాస్‌పోర్టులు తిరగేసి, ఏ పని మీద వచ్చారని అడిగాడు. ఫుట్‌బాల్ చూడటానికి అని చెల్లెలు చెప్పింది. అతను తలెత్తి చూసి, ఒక్క క్షణం ఆగి, "జుగ్మో" అన్నాడు. ఆ మాటకు అర్థం చెల్లెలు చెప్పనక్కరలేకపోయింది. యుగ్మం, జంట. నేనూ తెలుగులో "యుగ్మం" అన్నాను. అతను ముద్ర వేసి, వెనక నిలబడినవారిని రమ్మని చేయి ఊపాడు.